మగ్రిబ్ నారింజ, నారింజపూల పన్నీరు

మొరాకో, అల్జీరియా, ట్యునీషియా దేశాలను అరబ్బులు మగ్రిబ్ అంటారు. పడమటి దేశమని ఆ మాటకు అర్థం. అక్కడి ఇండ్లలో, ముఖ్యంగా మొరాకోలో, చలికాలపు భోజనం ముగిసిన తరువాత ఒక చల్లని పళ్లెం దస్తర్ఖాను మీదికి వస్తుంది. తీపి నారింజలను తొక్క తీసి, చక్రాలుగా కోసి, వాటిపై నారింజపూల పన్నీరు చిలకరించి, దాల్చినచెక్క పొడి చల్లుతారు. పొయ్యి వెలిగించే పని లేదు. పేదవాడి ఇంట్లోనూ, సంపన్నుని విందులోనూ పద్ధతి ఒక్కటే.

ఈ పళ్లెం అందులూసియా ముస్లిముల కాలం నుండి, అంటే దాదాపు వెయ్యేండ్లుగా, యథాతథంగా వస్తున్నదని కొందరు ఒక్క మాటలో తేల్చివేస్తారు. తీపి నారింజను తెచ్చినది పోర్చుగీసువారు గదా, ఇందులో ముస్లిం నాగరికత ప్రమేయమేమున్నది అని మరికొందరు ప్రశ్నిస్తారు. రెండూ తొందరపాటు మాటలే. పళ్లెంలోని పండు వయస్సు వేరు, దానిపై చిలకరించే పన్నీరు వయస్సు వేరు. ఈ రెంటిని విడదీసి చూడకపోవడం వల్లనే పొరపాటు జరుగుతున్నది.

మొదట అరబ్బు దేశాలకు చేరినది పుల్ల నారింజ. దీని పయనాన్ని గురించి అల్ మస్ఊదీ (మరణం హి. 345, క్రీ.శ. 956) తన 'మురూజుజ్జహబ్' గ్రంథంలో స్పష్టంగా వ్రాశారు. నారంజ్ వృక్షం హి. 300 తరువాత, అనగా క్రీ.శ. 912 తరువాత, హిందూదేశం నుండి తేబడి ముందు ఉమాన్‌లో నాటబడినదనీ, అక్కడినుండి బస్రాకు, ఇరాఖ్‌కు, సిరియాకు పోయి, అంతాకియా, ఫలస్తీన్, ఈజిప్టులలో ఇండ్ల పెరళ్లకు చేరినదనీ ఆయన తెలిపారు. హిందూదేశంలో దానికుండిన సువాసనా, అందమైన రంగూ ఇక్కడ లేవనీ, ఆ గాలి, ఆ నేల, ఆ నీరు లేకపోవడమే కారణమనీ కూడా ఆయన జోడించారు. పేరు సైతం మన వైపునుండి పోయినదే. సంస్కృత నారంగం పారసీకంలో నారంగ్, అరబ్బీలో నారంజ్, స్పెయిన్ భాషలో నరంహ అయినది. అరబ్బుల నారంజ్‌కూ, తెలుగువారి నారింజకూ ఉన్న దగ్గరతనం చెవికి ఇట్టే తెలుస్తుంది.

ఇక్కడ ఒక హదీసు ప్రస్తావన అవసరం. ఖుర్ఆన్ పారాయణం చేసే విశ్వాసిని మహాప్రవక్త (స) రుచీ, సువాసనా రెండూ గల 'ఉత్రుజ్జ' పండుతో పోల్చారు. ఇది బుఖారీ, ముస్లిం సంకలనాలు రెంటిలోనూ ఉన్నది. కొన్ని అనువాదాలలో ఈ పండును నారింజగా వ్రాయడం కనిపిస్తుంది. ఉత్రుజ్జ అంటే మాదీఫలం. అది అరబ్బు దేశాలలో ప్రాచీనకాలం నుండి తెలిసినదే. మస్ఊదీ చెప్పిన కాలగణన ప్రకారం నారింజ అరబ్బుల నేలపై నాటబడినది మహాప్రవక్త (స) కాలానికి దాదాపు మూడు వందల సంవత్సరాల తరువాత. వంటింటి చరిత్ర చిన్న విషయమనుకొనేవారు ఈ ఒక్క సంగతిని గమనిస్తే చాలు. ఒక పండు చరిత్ర తెలియకపోతే హదీసు అనువాదంలో సైతం తప్పు దొర్లుతుంది.

ఈజిప్టు దాటి పుల్ల నారింజ మగ్రిబ్‌కు, అందులూసియాకు చేరినది. సెవిల్లె నగరవాసి ఇబ్నుల్ అవ్వామ్ క్రీ.శ. 12వ శతాబ్దిలో వ్రాసిన వ్యవసాయ గ్రంథం నాటికి అది అక్కడి తోటలలో స్థిరపడినది. అదే నగరంలో మువహ్హిదీన్ పాలకులు ఆ శతాబ్ది చివరిభాగంలో కట్టించిన జామె మసీదు స్థలంలో నేడు చర్చి ఉన్నది. అయితే ఆ మసీదు ప్రాంగణం మిగిలియున్నది. అందులో నేటికీ నారింజ చెట్లే ఉన్నాయి, దాని పేరు కూడా నారింజల ముంగిలి అనే.

కాని ఈ చెట్టును అప్పటివారు పండు తినడానికి పెంచలేదు. దీనికి ఇబ్నె ఖల్దూన్‌ను మించిన సాక్షి లేడు. ట్యునిస్‌లో క్రీ.శ. 1332లో జన్మించిన ఆ చరిత్రకారుడు తన 'ముఖద్దిమా'లో ఒక వింత నమ్మకాన్ని ప్రస్తావించారు. ఏ నగరంలో నారింజలు విరివిగా నాటబడతాయో ఆ నగరం నాశనానికి సిద్ధమైనదని జనం చెప్పుకొనేవారట. ఆ భయంతో ఇండ్లలో నారింజ నాటనివారు కూడా ఉండేవారట. దోషం చెట్టులో లేదని ఆయన వివరించారు. నారింజ, సరుగుడును పోలిన సర్వ్ వృక్షం వంటివి రుచికో, ప్రయోజనానికో గాక కేవలం చూపుకు నాటబడేవి. ప్రజలు అటువంటి వాటిపై ధనం, శ్రమ వెచ్చించే దశకు వచ్చారంటే విలాసం పరాకాష్ఠకు చేరినదనీ, పతనం దాని వెంటనే ఉన్నదనీ ఆయన సిద్ధాంతం. సిద్ధాంతంతో ఏకీభవించినా, లేకున్నా, అందులోని సాక్ష్యం అమూల్యమైనది. 14వ శతాబ్దిలో మగ్రిబ్ నారింజ తినే పండు కాదు.

ఆయనకు కొంచెం ముందటివాడైన ఇబ్నె బతూతా మాటలు కూడా ఇందుకు బలమిస్తున్నాయి. మొరాకోలోని తంజా నగరంలో క్రీ.శ. 1304లో పుట్టిన ఈ యాత్రికుడు హి. 734 ముహర్రం మొదటి తేదీన, అంటే క్రీ.శ. 1333లో, సింధునదిని చేరాడు. హిందూదేశపు పండ్లను వర్ణిస్తూ, ఇక్కడ తీపి నారింజ సమృద్ధిగా ఉన్నదనీ, పుల్లనిదే అరుదనీ, తీపికీ పులుపుకూ మధ్యస్థమైన చిన్న రకమొకటి తనకు ఎంతో ఇష్టమైనదనీ వ్రాశాడు. తన ఊరిలో నిత్యం చూసే సంగతిని ఏ యాత్రికుడూ ఇంత శ్రద్ధగా నమోదు చేయడు.

తీపి నారింజ మధ్యధరా తీరాలకు క్రీ.శ. 15వ శతాబ్దిలో చేరసాగినది. 1498లో పోర్చుగీసు నౌకలు కేరళ తీరానికి వచ్చిన పిమ్మట మేలిరకాలు సముద్రమార్గాన పడమటికి పోయాయి. అందుకే ఈజిప్టు, సిరియాలలో ఈ పండును 'బుర్తుఖాల్' అంటారు, అంటే పోర్చుగల్. అల్జీరియావారు 'చీనా' అంటారు. మొరాకోలో 'లిమూన్' అనీ, 'లెచీన్' అనీ వ్యవహారం. ఒకే పండుకు ఒకచోట తెచ్చినవాని పేరు, మరొకచోట పుట్టిన దేశం పేరు నిలిచినవి. ఇందులో ఆశ్చర్యమేమీ లేదు. మన బత్తాయి కూడా జావా ద్వీపంలోని బటావియా పేరునుండి వచ్చినదేనని చెప్తారు.

కాబట్టి పండు విషయంలో రెండవ పక్షంవారి మాట నిజమే. పన్నీరు సంగతి అట్లా కాదు.

పూలను నీటితో మరిగించి, ఆవిరిని చల్లార్చి పరిమళజలం తీసే విద్యను ముస్లిం రసాయనవేత్తలు ఉన్నతస్థితికి తెచ్చారు. 9వ శతాబ్దివాడైన అల్ కిందీ పేర ఉన్న 'అత్తరు రసాయన' గ్రంథంలో నూటికి పైగా పద్ధతులున్నాయి. అందులూసియా వైద్యుడు అజ్జహ్రావీ (మరణం క్రీ.శ. 1013 ప్రాంతం) గులాబీనీరు తీసే విధానాన్ని వర్ణించారు. ఇది కొద్దిమంది పండితుల ముచ్చట మాత్రమే కాదు. అబ్బాసీ ఖలీఫాల కాలంలో ఫార్స్ రాష్ట్రం బాగ్దాదుకు చెల్లించిన పన్నులలో 30,000 సీసాల గులాబీనీరు ఉండేదని ఇబ్నె ఖల్దూన్ ఉదహరించిన పట్టిక తెలుపుతున్నది. గులాబీకి అలవడిన విద్య నారింజపూవుకు అన్వయించడం సహజం. పండు పుల్లన, పూవు మాత్రం అపూర్వ పరిమళం. ఏ చెట్టును ఇబ్నె ఖల్దూన్ నిష్ప్రయోజనమన్నారో దాని నిజమైన ఫలం పూవే అని చెప్పవలసియుంటుంది. ఈ ఒక్క విషయంలో ఆ మహానుభావుడు చెట్టుకు కొంత అన్యాయం చేశారు.

నేటికీ పన్నీరు తీసేది పుల్ల నారింజ పూలనుండే. ట్యునీషియాలో నాబుల్ పట్టణం దీనికి ప్రసిద్ధి. స్పెయిన్ రాజు 1609 నుండి 1614 వరకు సాగించిన బహిష్కరణలో ఇల్లూ వాకిలీ కోల్పోయిన అందులూసియా ముస్లిములు వేల సంఖ్యలో ట్యునీషియా చేరారు. ఈ విద్యను తమ పూర్వీకులే వెంట తెచ్చారని నాబుల్‌వాసులు తరతరాలుగా చెప్పుకొంటారు. మార్చి చివర, ఏప్రిల్ నెలలలో చెట్లకింద గుడ్డలు పరచి పూలు కోస్తారు. రాగి కడవలో పూలు, నీరు పోసి, పైన మూత అమర్చి, అతుకును గుడ్డతో బిగిస్తారు. మూతపై చల్లని నీరు ఉంటుంది, వేడెక్కినప్పుడల్లా దానిని మార్చాలి. ఈ పరికరాన్ని 'కత్తార్' అంటారు, చుక్కలుగా రాల్చేది అని అర్థం. గొట్టం గుండా సీసాలోకి దిగిన నీటిపై పలుచని తైలం తేలుతుంది. వేయి కిలోల పూలకు ఒక కిలో తైలం రావడమే గగనం. అది అత్తరు వ్యాపారులకు పోతుంది. అడుగున మిగిలిన పన్నీరే ఇంటి సొత్తు. మిఠాయిలలో, కాఫీలో, కడుపునొప్పికి మందుగా, ఇంటికి వచ్చిన అతిథి చేతులపై చిలకరించడానికి అదే. హైదరాబాదు పెండ్లిండ్లలో గులాబ్‌పాష్ చేసే పనిని మొరాకోలో పొడుగు మెడ గల 'మ్రష్' చేస్తుంది.

దాల్చినచెక్క కథ పొడుగైనది. సింహళ తీరంలో దాల్చిన మానులు గుట్టలుగా పడియుండగా మలబారు, మఅబర్ ప్రాంతాలవారు రాజుకు బట్టలు కానుకగా ఇచ్చి వాటిని తీసుకొనిపోయేవారని ఇబ్నె బతూతా 1344లో కళ్లారా చూసి చెప్పాడన్నంత వరకే ఇక్కడ చాలు.

ఇక తయారీ. నలుగురికి నాలుగైదు పెద్ద పండ్లు కావాలి. తొక్కను చేతితో గాక కత్తితోనే తీయాలి. లోపలి తెల్లపొర ఏ మాత్రం మిగిలినా చేదు తగులుతుంది. అడ్డంగా, అర వ్రేలు మందాన కోసి, గింజలు తీసి, వెడల్పు పళ్లెంలో ఒకదానిపై ఒకటి కొంచెం ఒరిగేలా పేర్చాలి. కోసేటప్పుడు కారిన రసాన్ని పారవేయరాదు. ఆ రసంలోనే ఒక పెద్దచెంచా పన్నీరు, ఒక చిన్నచెంచా మెత్తని చక్కెర కలిపి ముక్కలపై పోస్తారు. పన్నీరు రెండు పెద్దచెంచాలు మించితే పండు రుచి పోయి సబ్బు వాసన మిగులుతుంది. కొందరు ఖర్జూరం చీలికలు, వేయించిన బాదం, పుదీనా ఆకులు చేరుస్తారు. నల్లగొండ బత్తాయితో చేస్తే పులుపు తక్కువ గనుక చక్కెర అవసరమే ఉండదు. సంత్ర మాత్రం పనికిరాదు, చక్రాలుగా కోస్తే తొనలు విడిపోతాయి. నారింజపూల పన్నీరు దొరకనిచోట గులాబీనీరు సగం పాళ్లలో వాడవచ్చును, అయితే అది వేరే వంటకమవుతుంది. పళ్లెాన్ని గంటసేపు చల్లనిచోట ఉంచి, దాల్చినచెక్క పొడిని వడ్డించే ముందు మాత్రమే చల్లుతారు. ముందుగా చల్లితే అది రసంలో నాని, ముక్కలన్నీ మట్టిరంగుకు తిరుగుతాయి.