మాట లేని కథ

మాట లేనిచో కథ యెట్లు నడచునని శ్రోతలమైన మనకు సందేహము కలుగవచ్చును. 1924లో జర్మనీలో ముర్నౌ దర్శకత్వమున వెలువడిన ‘చివరి మనిషి’ యను మూకచిత్రమే దీనికి సమాధానము.

అందు ఎమిల్ యానింగ్స్ ఒక పెద్ద హోటలు ద్వారపాలకుడు. మెరిసెడు గుండీల కోటే అతని గౌరవము. బరువైన పెట్టె మోసి అలసి కూర్చుండగా చూచిన మేనేజరు ఆ కోటు విప్పించి, ఆ వృద్ధుని మరుగుదొడ్ల సేవకు దింపెను. సంగతి తెలిసి ఇరుగుపొరుగువారు నవ్విరి.

సంభాషణలను వ్రాసి చూపు పలకలు ఈ చిత్రమున దాదాపు లేవు. నిటారుగా నడచిన మనిషి నడుము వంగిపోవుటయే మనకు సర్వము తెలుపును. పెండ్లి విందులో త్రాగిన అతని మైకమును చూపుటకై ఛాయాగ్రాహకుడు కార్ల్ ఫ్రాయిండ్ కెమెరాను ఎదకు కట్టుకొని తూలుచు నడచెను; గది మన కన్నుల యెదుటనే తిరుగును.

రేడియో నాటకమున రూపమును మనమే ఊహింతుము. అచ్చట మాటను ఊహింతుము. ఆ ముసలివాని అవమానము మనకు అర్థమగుటకు మాట అవసరము కాలేదు.