ఉద్యోగోన్నతికై వేచియున్నవారి జీతము: దాని వ్యాజ్యముల చరిత్ర



చిత్తూరు, తిరుపతి ప్రాంతముల సర్కారు కొలువులలో నున్న మన సంఘీయులు కొద్దిమంది కారు. ఉపాధ్యాయులు, గుమాస్తాలు, రైల్వేవారు, తపాలావారు మన ప్రతి వీథిలోను గలరు. ప్రవేశించిన పదవిలోనే తల నెరసి, ఆ పదవిలోనే పింఛను పుచ్చుకొన్నవారును గలరు. పై పదవి దొరకనివానికి పై జీతమైనను దొరకవలదా యను ప్రశ్న పాతది. అది న్యాయస్థానములలో నడచిన తీరును సంగ్రహముగా విన్నవించుచున్నాము.

ప్రాచీనులు జీతమును గూర్చి యోచింపకపోలేదు. కౌటిల్యుని అర్థశాస్త్రమున భృత్యభరణీయ మను ప్రకరణము కలదు. అందు మంత్రి, పురోహిత, సేనాపతులకు 48,000 పణములు మొదలుకొని, కడపటి సేవకునకు 60 పణముల వరకు వేతనములు చెప్పబడినవి. విద్యను బట్టియు, పనిని బట్టియు హెచ్చుతగ్గు లుండవలెనని యాతని మతము. వేచిన సంవత్సరములకు మాత్ర మచ్చట లెక్క లేదు. ఆంగ్లేయుల కచేరీలలోను చిరకాలము జీతము పదవికే గాని మనుష్యునికి గాదు. పై తరగతిలో ఖాళీ యేర్పడిననే క్రిందివానికి పై జీతము దక్కెడిది.

1922 జనవరి 1వ తేదీని అమలునకు వచ్చిన ఫండమెంటల్ రూల్సు కాలక్రమమున పెరుగు వేతనశ్రేణిని నిర్వచించినవి. ప్రత్యేకముగా నిలుపుదల చేసిననే తప్ప ఇంక్రిమెంటు సహజముగా రావలెనని అందలి 24వ నియమము. ఇది గొప్ప మేలు. అయితే శ్రేణికి కడపటి అంచొకటి కలదు. ఆ యంచు చేరినవాడు ఖాళీకై యెదురుచూచుచు నిలిచిపోవును. వ్యాజ్యములన్నియు నీ యంచు నొద్దనే పుట్టినవి.

మన సీమలో నిరీక్షణము దీర్ఘమగుటకు కారణములు గలవు. 1975 నాటి రాష్ట్రపతి యుత్తర్వు చిన్న గుమాస్తా పదవులను జిల్లాకును, వానిపై పదవులలో పెక్కింటిని మండలమునకును కట్టినది. చిత్తూరు, కడప, అనంతపురము, కర్నూలు జిల్లాలు నాలుగవ మండలము. స్థానికులకిది రక్షణయే. కాని చిత్తూరివాడు పై పదవికి నాలుగు జిల్లాల వరుసలో నిలువవలసివచ్చినది. పదవీవిరమణ వయస్సు మార్పులు మరియొక కారణము. 1983లో 58 ఏండ్లనుండి 55కు తగ్గించిరి, కె. నాగరాజు వ్యాజ్యమున 1985లో సుప్రీంకోర్టు దానిని సమర్థించెను. పిదప మరల 58 అయ్యెను. 2014లో 60, 2022లో 62 అయ్యెను. పైవాడు నిలిచిన కొలది క్రిందివాని నిరీక్షణము పెరుగును.

ఈ బాధ నెరిగియే ఆంధ్రప్రదేశ ప్రభుత్వము 1981లో ఆటోమాటిక్ అడ్వాన్సుమెంటు స్కీము నేర్పరచెను. పదోన్నతి లేక ఒకే పదవిలో నిర్ణీతకాలము పనిచేసినవానికి పై శ్రేణి జీతమిచ్చుట దీని తత్త్వము. తొలి మెట్టునకు మొదట 10 ఏండ్లు పట్టెను. 1993 నాటి సవరణలో 8, 2010 నాటి సవరణలో 6 ఏండ్లయ్యెను. పై మెట్లకు పదోన్నతికి వలసిన అర్హతలును, పరీక్షలును కావలయును. ఇది జీతపు మెట్టే గాని పదోన్నతి గాదు.

కేంద్రోద్యోగులకు 1999లో 12, 24 ఏండ్ల మెట్లును, 2008 సెప్టెంబరు 1 నుండి 10, 20, 30 ఏండ్ల మెట్లును లభించినవి. తిరుపతి రైల్వే కర్మాగారమునందలి మనవారికిదియే వర్తించును. పై పదవి జీతమే యీయవలెనా, శ్రేణులలో తరువాతి మెట్టు చాలునా యను వివాదమున, తరువాతి మెట్టే యని 2020లో మోహనన్ నాయరు వ్యాజ్యమున సుప్రీంకోర్టు తేల్చెను.

ఆలస్యముగా వచ్చిన పదోన్నతికి వెనుకటి బకాయి కలదా? 1989లో పలూరు రామకృష్ణయ్య వ్యాజ్యమున, చేయని పనికి జీతము లేదని తీర్పు. 1991లో జానకీరామన్ వ్యాజ్యమున, పని చేయ సిద్ధముగా నున్నవానిని తన దోషము లేకయే సర్కారు ఆపినచో ఆ సూత్రము చెల్లదని తీర్పు. 1999లో మన రాష్ట్రపు కె.వి.ఎల్. నరసింహారావు వ్యాజ్యము వచ్చినది. వెనుకటి తేదీనుండి పదోన్నతి యిచ్చినపుడు సామాన్యముగా ధనలాభమును ఈయవలెనని అందు న్యాయమూర్తులు అంగీకరించిరి. అయినను రాష్ట్రముల పునర్వ్యవస్థీకరణమున వేలకొలది యుద్యోగుల వరుసలు కలిసిన చిక్కును బట్టి, ఆ బకాయిని నిరాకరించిరి. న్యాయమున్నను సందర్భము దానిని కుదించునని దీనివలన తెలియుచున్నది.

మనవారు ముఖ్యముగా నెరుగవలసినది వేరొకటి కలదు. తప్పుగా నిర్ణయించిన జీతము నెలనెలకు కొనసాగు అన్యాయమని 1995లో ఎం.ఆర్. గుప్తా వ్యాజ్యమున సుప్రీంకోర్టు చెప్పెను. కావున ఆలస్యమైనను జీతమును సరిచేయించుకొనవచ్చును. కాని అట్టి యెడల బకాయి సామాన్యముగా వ్యాజ్యమునకు ముందటి మూడేండ్లకే పరిమితమని 2008లో తర్సేమ్ సింగు వ్యాజ్యమున నిర్ణయించెను. పదేండ్లు మౌనముగా నున్నవాడు ఏడేండ్ల సొమ్ము పోగొట్టుకొనుననుట. కడపటి జీతము తగ్గిన పింఛనును తగ్గును. ఆ లోటు భార్యాబిడ్డలనుగూడ వెంటాడును.

నిరీక్షణము రెండు విధములు. ఖాళీకై వేచుట మన చేతిలో లేదు. అడుగుటకు వేచుట మన చేతిలోనిదే. మనవారిలో పలువురు అధికారికి కోపము వచ్చునని రెండవ నిరీక్షణమును వినయమని భ్రమించుచున్నారు. అది వినయము గాదు, నష్టము. మెట్టు తేదీ వచ్చిన నెలలోనే వ్రాతమూలకముగా అర్జీ యిడి రసీదు పుచ్చుకొనుట, సర్వీసు రిజిస్టరు ప్రతిని ఇంట నుంచుకొనుట ప్రతి యుద్యోగికిని కర్తవ్యము.

మరియొక మనవి. రాష్ట్ర పరిపాలనా ట్రిబ్యునలు 1976 మొదలు హైదరాబాదున నుండెను. 2020లో అది రద్దుకాగా మన రాష్ట్రపు వ్యాజ్యములు అమరావతి హైకోర్టునకు చేరినవి. కుప్పమునుండియో, పలమనేరునుండియో అంతదూరము పోవుట చిన్న యుద్యోగికి భారము. విద్యార్థివేతనములకు ఉదారముగా నిచ్చు పోషకులు, ఇట్టివారి అర్జీలు వ్రాయించుటకును, న్యాయవాదిని కుదుర్చుటకును ఒక చిన్న నిధి నేర్పరతురేని అనేక కుటుంబములు బాగుపడును. ఈ మహాసభ ఈ విషయమును ఆలోచించుగాక యని శ్రీవేంకటేశ్వరుని ప్రార్థించుచు విరమించుచున్నాము.