బైకుల్లా–పరేల్: అంబేడ్కర్‌ను గెలిపించిన నియోజకవర్గం

బాబాసాహెబ్ అంబేడ్కర్ ఎన్నికల చరిత్ర అనగానే 1952 ఓటమి గుర్తొస్తుంది. అంతకు 15 ఏళ్ల ముందు అదే బొంబాయిలో ఆయన ప్రజల ఓటుతో గెలిచిన సంగతి అంతగా చర్చకు రాదు. ఆయన్ను గెలిపించిన ‘బొంబాయి సిటీ (బైకుల్లా, పరేల్)’ నియోజకవర్గం ఇప్పుడు లేదు. వలస పాలనతోనే అదీ పోయింది. రిజర్వుడు స్థానం ఉంటే సరిపోతుందా, ఓటు వేసే పద్ధతి కూడా ముఖ్యమా అనే ప్రశ్నకు ఈ నియోజకవర్గ చరిత్రలో జవాబు దొరుకుతుందని మేము భావిస్తున్నాం.

మిల్లు కార్మికుల ప్రాంతం

బైకుల్లా, పరేల్ బట్టల మిల్లులకూ, కార్మికుల చాళ్లకూ పేరుపడ్డ ప్రాంతాలు. అంబేడ్కర్ స్వయంగా పరేల్‌లోని చాల్‌లో ఏళ్ల తరబడి నివసించారు. తెలంగాణ నుంచి వలస వెళ్లిన కామాఠీ కూలీల పేరు మీద ఏర్పడిన కామాఠీపురా కూడా బైకుల్లాకు దగ్గర్లోనే ఉంది.

ఒప్పందం తర్వాతి ఎన్నిక

1932లో కమ్యూనల్ అవార్డు అణగారిన వర్గాలకు ప్రత్యేక నియోజకవర్గాలు ఇచ్చింది. గాంధీ నిరాహారదీక్ష తర్వాత కుదిరిన పూనా ఒప్పందం వాటిని తీసేసి, ఉమ్మడి నియోజకవర్గాల్లో 148 రిజర్వుడు స్థానాలు కేటాయించింది. అందులో సింధ్‌తో కలిపి బొంబాయి వాటా 15. ముందుగా షెడ్యూల్డ్ కులాల ఓటర్లు మాత్రమే నలుగురు అభ్యర్థులను ఎంచుకోవాలి. ఆ నలుగురిలో ఒకరిని అన్ని కులాల ఓటర్లూ కలిసి ఎన్నుకుంటారు. అంటే చివరి మాట సవర్ణ మెజారిటీదే.

అయితే బొంబాయి రాష్ట్రంలో మరో నిబంధన ఉంది. ఒకరి కంటే ఎక్కువ మంది సభ్యులున్న నియోజకవర్గంలో ఎన్ని స్థానాలుంటే ఓటరుకు అన్ని ఓట్లు. వాటన్నిటినీ ఒకే అభ్యర్థికి వేయవచ్చు. దీన్నే క్యుములేటివ్ ఓటింగ్ అంటారు. అంబేడ్కర్ కోరుకున్న పద్ధతి ఇదే. సంఖ్యలో తక్కువైనా ఐక్యంగా ఉన్న సమూహం తన ఓట్లన్నీ తన మనిషి వెనక నిలబెట్టగలదు.

1937 పోటీ

అంబేడ్కర్ 1936 ఆగస్టులో ఇండిపెండెంట్ లేబర్ పార్టీని స్థాపించారు. బైకుల్లా–పరేల్‌లో ఆయన మీద కాంగ్రెస్ నిలబెట్టిన అభ్యర్థి పల్వంకర్ బాలూ. 1911 ఇంగ్లండ్ పర్యటనలో వందకు పైగా వికెట్లు తీసిన ఎడమచేతి స్పిన్నర్, చమార్ కులంలో పుట్టి మైదానంలోనూ అంటరానితనాన్ని అనుభవించిన వ్యక్తి. అంబేడ్కర్ ఒకప్పుడు అభిమానించిన ఆటగాడు. ఇద్దరూ పూనా ఒప్పందంపై సంతకం చేసినవారే.

1937 ఫిబ్రవరిలో జరిగిన ఎన్నికలో అంబేడ్కర్‌కు 13,245 ఓట్లు, బాలూకు 11,225 ఓట్లు వచ్చాయి. తేడా 2,020. ఆస్తి, పన్ను, చదువు వంటి అర్హతలున్న వారికే ఓటున్న ఎన్నికలో వచ్చిన గెలుపు ఇది. పార్టీ 17 స్థానాల్లో పోటీ చేసి 14 గెలిచింది.

గెలిచి ఏం చేశారు?

ఈ నియోజకవర్గ ప్రతినిధిగా అంబేడ్కర్ 1937 సెప్టెంబరులో కొంకణ్ రైతులను పీడిస్తున్న ఖోతీ విధానం రద్దుకు బిల్లు పెట్టారు. మహర్లను వెట్టికి కట్టేసిన వతన్ల మీద పోరాడారు. కార్మికుల సమ్మె హక్కును కుదించే పారిశ్రామిక వివాదాల బిల్లును సభలో ఎదిరించారు. దానికి వ్యతిరేకంగా 1938 నవంబరు 7న కమ్యూనిస్టులతో కలిసి ఒకరోజు సమ్మెకు పిలుపునిచ్చారు.

నియోజకవర్గం పోయాక

1946 ఎన్నికల్లో షెడ్యూల్డ్ క్యాస్ట్స్ ఫెడరేషన్‌కు బొంబాయి రాష్ట్రంలో ఒక్క స్థానమూ దక్కలేదు. స్వాతంత్ర్యం తర్వాత పాత నియోజకవర్గాలు రద్దయ్యాయి. 1952లో అంబేడ్కర్ ఇద్దరు సభ్యుల బొంబాయి సిటీ నార్త్ లోక్‌సభ నియోజకవర్గం నుంచి పోటీ చేశారు. ఇప్పుడు వయోజనులందరికీ ఓటుంది కానీ నిబంధన మారింది. ఓటరుకు రెండు ఓట్లున్నా, రెండూ ఒకే అభ్యర్థికి వేస్తే ఒకటి చెల్లదు. కాంగ్రెస్ అభ్యర్థి నారాయణ్ కాజ్రోల్కర్‌కు 1,38,137 ఓట్లు, అంబేడ్కర్‌కు 1,23,576 ఓట్లు వచ్చాయి. చెల్లని ఓట్లు 74,333. ఓట్లను వృథా చేయమని ప్రచారం చేశారని ఆరోపిస్తూ అంబేడ్కర్, ఆయనతో కలిసి పోటీ చేసి ఓడిన సోషలిస్టు నేత అశోక్ మెహతా ఎన్నికల పిటిషన్ వేశారు.

ఆ ఓటమికి నిబంధన ఒక్కటే కారణమని మేము అనడం లేదు. కాంగ్రెస్ బలం, కమ్యూనిస్టుల వైరం, పెరిగిన ఓటర్ల సంఖ్య అన్నీ ఉన్నాయి. కానీ 1937లో దళిత ఓటరు చేతిలో ఉన్న ఒక ఆయుధం 1952 నాటికి లేదన్నది వాస్తవం. ఇద్దరు సభ్యుల నియోజకవర్గాలు కూడా 1961 చట్టంతో రద్దయ్యాయి. రిజర్వుడు స్థానాలు మాత్రం మిగిలాయి.

రిజర్వుడు స్థానంలో గెలిచిన వ్యక్తి ఎవరికి జవాబుదారీ అనే ప్రశ్న ఇవాళ్టికీ మన ముందుంది. దాన్ని చర్చించేటప్పుడు సీట్ల లెక్కతో పాటు ఓట్ల లెక్కనూ చూడాలి. బైకుల్లా–పరేల్ ఇస్తున్న పాఠం అదే.