అద్దరి అంటే ఎక్కడ?



మార్కు సువార్త 4:35లో యేసు ప్రభువు సాయంకాలమప్పుడు శిష్యులను ‘అద్దరికి’ పిలుస్తాడు. బైబిలు చదివేటప్పుడు ఈ మాట పలుకుతాం గాని సత్తెనపల్లి వైపు మాటల్లో ఇది వినబడదు. మాదిపాడు దగ్గర బల్లకట్టు ఎక్కి కృష్ణ దాటి ముక్త్యాల వెళ్లేటప్పుడు మనం ‘అవతలి ఒడ్డు’ అనే అంటాం.

‘దరి’ అంటే ఒడ్డు. ‘ఆ దరి’ కలిసి ‘అద్దరి’ అయింది. బడిలో నేర్చుకున్న త్రికసంధి ఇదే. ఇవతలి ఒడ్డు ‘ఇద్దరి’.

హెబ్రీ భాషలో ‘ఏబెర్’ అంటే అవతలి వైపు, ‘అబర్’ అంటే దాటడం. ఆదికాండము 14:13లో అబ్రామును ‘హెబ్రీయుడు’ అన్నారు. పూర్వికుడైన ఏబెరు పేరును బట్టి అలా పిలిచారని కొందరంటారు. క్రీస్తుకు పూర్వం 3వ శతాబ్దంలో ధర్మశాస్త్రాన్ని గ్రీకులోకి మార్చినవారు మాత్రం అక్కడ ‘దాటి వచ్చినవాడు’ అనే అర్థమిచ్చే మాట వాడారు. అతడు తనంతట దాటలేదు, నది అద్దరి నుండి దేవుడే తోడుకొని వచ్చాడని యెహోషువ 24:3 చెబుతుంది.

మిర్చి ధర పడిపోయి అప్పు మిగిలినప్పుడు ‘ఈ ఏడు గట్టెక్కితే చాలు ప్రభువా’ అని ప్రార్థిస్తాం. అది తప్పు కాదు. అయితే యేసు అద్దరికి వెళ్లింది తాను గట్టెక్కడానికి కాదు. తుపాను దాటి వెళ్తే అక్కడ ఎదురైనవాడు సమాధుల మధ్య కేకలు వేసే ఒక్క మనిషి. వాణ్ణి బాగుచేశాడు. ఊరివారు వెళ్లిపొమ్మంటే తిరిగి పడవ ఎక్కాడు. బాగుపడినవాడు వెంట వస్తానంటే, నీ ఇంటివారి దగ్గరకే వెళ్లమన్నాడు.

అమెరికా నుండి సముద్రాలు దాటి 1842 జూలై 31న గుంటూరు చేరిన హయ్యర్ దొరగారికి అద్దరి మన ప్రాంతమే. ఎవరో దాటి వచ్చారు కాబట్టి సువార్త మన దాకా వచ్చింది.

మరి మన అద్దరి ఎక్కడ? పొలం గట్టు తగాదాతో మాటలు మానేసిన అన్న ఇల్లు కావచ్చు. కులం పేరుతో మనం గడప తొక్కని ఇల్లు కావచ్చు. దూరం పది అడుగులే, ఏళ్లు గడిచినా దాటలేకపోతున్నాం. వచ్చే ఆదివారం ప్రభువు బల్ల దగ్గరకు రాకముందే ఆ పది అడుగులు వేద్దాం. పడవలో ప్రభువు మనతోనే ఉన్నాడు. ఆమేన్.