ఇద్దరు దిగ్గజాల మధ్య ఒక దర్శకుడు

ఓస్లోలో నేషనల్ థియేటర్ ముందు రెండు కంచు విగ్రహాలుంటాయి. ఒకటి నాటకకర్త హెన్రిక్ ఇబ్సెన్‌ది, రెండోది నార్వే జాతీయగీతం రాసిన బ్యోర్న్‌స్టియెర్నె బ్యోర్న్‌సన్‌ది. బతికుండగానే తమ విగ్రహాలు చూసుకున్న అదృష్టవంతులు వాళ్లు. 1899 సెప్టెంబరు 1న ఆ నాటకశాల తెరిచిన రాత్రి ఇద్దరూ ప్రేక్షకుల్లో ఉన్నారు. దాన్ని నడిపే భారం మాత్రం బ్యోర్న్‌సన్ పెద్దకొడుకు బ్యోర్న్ నెత్తిన పడింది. ఇబ్సెన్‌కూ ఆయన పరాయివాడేం కాదు. చెల్లెలు బెర్గ్లియోత్ ఇబ్సెన్‌గారింటి కోడలు.

నాటకాల గొడవ బ్యోర్న్‌సన్ ఇంట్లో ముందునుంచీ ఉన్నదే. నాలుగు శతాబ్దాల డెన్మార్క్ ఏలుబడి పోయినా క్రిస్టియానియా (నేటి ఓస్లో) రంగస్థలం మీద డేనిష్ నటులదే పైచేయి. 1856లో మళ్లీ డెన్మార్క్ నుంచే నటుణ్ని తెస్తుంటే, 23 ఏళ్ల తండ్రి బ్యోర్న్‌సన్ జనాన్ని వెంటేసుకుని వెళ్లి ఈలలతో నాటకశాలను హోరెత్తించాడు. మూడేళ్లకు బ్యోర్న్ పుట్టాడు.

కొడుకు గొడవకు దిగలేదు, పని నేర్చుకున్నాడు. వియన్నా, బెర్లిన్‌లలో చదివి, జర్మనీలో మైనింగెన్ డ్యూక్ నడిపే నాటక బృందంలో చేరాడు. అక్కడ స్టేజీ మీద గుంపు అంటే వేషాలేసుకుని వరసగా నిలబడే జనం కాదు. ఒక్కొక్కరికీ ఒక కదలిక, ఒక పని ఉండాలి. ఆ పట్టింపుతోనే 1884లో క్రిస్టియానియా థియేటర్‌లో నటుడిగా, దర్శకుడిగా అడుగుపెట్టాడు.

తొలి పెద్ద పరీక్ష ఇబ్సెన్ 'అడవి బాతు'. ఒక ఫొటోగ్రాఫర్ ఇల్లు, దాని వెనక కోళ్లు, కుందేళ్లు, గాయపడిన బాతు ఉండే అటక. మాటలు సహజంగా ఉండాలనీ, అంకం అంకానికీ వెలుతురు మారాలనీ ఇబ్సెన్ ముందుగానే థియేటర్‌కు ఉత్తరం రాశాడు. రచయిత లైట్ల గురించి పట్టుబట్టడం ఆ రోజుల్లో విడ్డూరమే. 1885 జనవరిలో ఆ నాటకాన్ని పాతికేళ్ల బ్యోర్న్ రంగం మీదికి తెచ్చాడు. 1892లో 'పీర్ గింట్' ఆడించి, ఆ వేషం తనే కట్టాడు. మరుసటి ఏడాది థియేటర్ వదిలి వెళ్లాడు.

కొత్తగా కట్టిన నేషనల్ థియేటర్‌కు ఆయన్నే తొలి అధిపతిగా పిలిచారు. మొదటి రాత్రి పాతకాలపు నాటకకర్త హోల్‌బెర్గ్ ప్రహసనాలు, రెండో రాత్రి ఇబ్సెన్, మూడో రాత్రి తండ్రి నాటకం. ఈ వరసలోనే ఆయన లౌక్యం కనిపిస్తుంది: పెద్దాయనలిద్దరిలో ఎవరు ముందన్న పేచీ రాకుండా, ఎప్పుడో గతించిన హోల్‌బెర్గ్‌ను ముందు పెట్టినట్టే ఉంటుంది. 1907 దాకా నడిపాడు. ఆ తర్వాత బెర్లిన్‌లో హెబెల్ థియేటర్ చూసుకున్నాడు. 1923 నుంచి 1927 వరకు మళ్లీ నేషనల్ థియేటర్ పగ్గాలు పట్టాడు.

కలం కూడా పట్టాడు. 'యొహానా' (1898) లాంటి నాటకాలు రాశాడుగానీ, తండ్రి, వియ్యాలవారి పక్కన అవి ఆనవు. వయసు మళ్లాక రాసిన జ్ఞాపకాలే మేలు. 1937లో, 77 ఏళ్ల వయసులో, తన తొలినాళ్ల రంగస్థలం గురించి 'పాత థియేటర్' అనే పుస్తకం తెచ్చాడు. 1942 ఏప్రిల్‌లో, నార్వే జర్మన్ సైన్యాల గుప్పిట్లో ఉండగా, కన్నుమూశాడు.

నాటకకర్తగా ఆయన్ని పక్కన పెట్టేయొచ్చు. నార్వేలో ఆధునిక నాటక దర్శకుల చరిత్ర రాయాలంటే మాత్రం మొదటి పేరు ఆయనదే.