అంకెల వెనక దాక్కున్న రాజులు

1984లో గ్వాతెమాలా ఈశాన్య మూలనున్న రియో అసుల్‌లో ఒక సమాధి తవ్వితే, మూత తిప్పి బిగించుకునే మట్టికుండ ఒకటి దొరికింది. అయిదో శతాబ్దపు కుండ. పైన సున్నపు పూత, ఆ పూత మీద రంగులతో వేసిన గుర్తులు. డేవిడ్ స్టువర్ట్ అనే కుర్ర పరిశోధకుడు వాటిని చూసి అందులో ‘కకావ్’ అనే మాట ఉందన్నాడు. కుండలో అంటుకుని ఉన్న మడ్డిని గీకి హెర్షీ చాక్లెట్ కంపెనీ ప్రయోగశాలకు పంపారు. కోకో గింజల్లో ఉండే థియోబ్రొమిన్, కెఫీన్ రెండూ బయటపడ్డాయి. లోపల ఏం పోశారో కుండ మీదే రాసి ఉందన్నమాట.

ఈ మాట అంతకు ముప్పై ఏళ్ల ముందు ఎవరైనా అని ఉంటే పెద్ద పండితులు కొట్టిపారేసేవాళ్లు. మాయా రాతలో ఉన్నవి తేదీలు, గ్రహాలు, దేవుళ్లే తప్ప మనుషుల మాటలు కావని వాళ్ల గట్టి నమ్మకం. మాయా నాగరికత అనగానే మన పత్రికల్లో పిరమిడ్లు, నరబలులు, అడవి మింగేసిన నగరాలు వస్తాయి. 2012లో యుగాంతం అంటూ మన టీవీ చానళ్లు చేసిన హడావుడి సరేసరి. నా మటుకు నాకు వాటన్నిటికంటే ఆసక్తిగా తోచేది వేరు: రాత చదవడం రానంత కాలం చదువుకున్నవాళ్లు ఆ జనం గురించి ఎలాంటి కథ అల్లుకున్నారు, చదవడం వచ్చాక ఆ కథ ఏమైంది అన్నది.

మాయా జనం ఉండేది దక్షిణ మెక్సికో, గ్వాతెమాలా, బెలీజ్, హోండూరస్, ఎల్ సాల్వడార్ పశ్చిమ భాగాల్లో. మొక్కజొన్నను సున్నపు నీళ్లలో ఉడికించి, రుబ్బి తినే జనం. తబాస్కోలోని అగ్వాదా ఫెనిక్స్‌లో క్రీస్తుకు పూర్వం 1000–800 మధ్య కట్టిన మట్టి వేదిక 1.4 కిలోమీటర్ల పొడవుంటుంది. నగరాలు వెలిగిపోయిన ‘క్లాసిక్’ దశ సుమారు క్రీ.శ. 250 నుంచి 900 దాకా. ఒకే సామ్రాజ్యం ఎన్నడూ లేదు. పదుల కొద్దీ చిన్న రాజ్యాలు, వాటి మధ్య పొత్తులు, పగలు.

వాళ్లు పుస్తకాలు రాసేవాళ్లు. అత్తి జాతి చెట్టు బెరడుతో కాగితం చేసి, దాని మీద సున్నం పూసి, మడతలుగా మడిచేవాళ్లు. 1562 జులై 12న యుకటాన్‌లోని మాని ఊళ్లో దియేగో దె లాందా అనే ఫ్రాన్సిస్కన్ సన్యాసి తన చేతికి దొరికిన పుస్తకాలను పోగేసి తగలబెట్టించాడు. ఇవాళ మిగిలినవి నాలుగు: డ్రెస్డెన్, మాడ్రిడ్, పారిస్, మెక్సికో ప్రతులు. తమాషా ఏమిటంటే, ఆ రాతకు తాళంచెవి దాచిపెట్టినవాడూ ఈ లాందాయే. అధికారం మీరాడన్న ఆరోపణ మీద విచారణకు స్పెయిన్ వెళ్లాల్సివచ్చినప్పుడు, 1566 ప్రాంతంలో, యుకటాన్ విశేషాల మీద ఒక గ్రంథం రాశాడు. అందులో మాయా ‘అక్షరమాల’ అంటూ ఒక పట్టిక ఇచ్చాడు. ఆ గ్రంథపు నకలు మాడ్రిడ్‌లో మూలనపడి ఉండగా 1862లో బ్రసూర్ దె బుర్బూర్ అనే ఫ్రెంచి మతాచార్యుడు బయటికి తీశాడు.

ఆ పట్టికను నమ్మి చదవబోయినవాళ్లందరికీ చుక్కెదురైంది. లోపం ఎక్కడుందో తెలుగువాడికి వెంటనే తెలుస్తుంది. లాందా స్పానిష్ అక్షరాల పేర్లు ఒక్కొక్కటే పలికాడు: బే, సే, కా... ఎదురుగా కూర్చున్న మాయా లేఖకుడు ఆ ధ్వనికి తగిన గుర్తు వేసి ఇచ్చాడు. బే అంటే అతనికి ‘బ్’ కాదు, ‘బె’యే. మన గుణింతంలాంటి రాతను లాందా ఏబీసీడీలుగా అనుకున్నాడు. వాక్యం ఒకటి రాసి చూపించమంటే లేఖకుడు ‘మా ఇన్ కాతి’ అని రాశాడు. ‘నాకిష్టం లేదు’ అని అర్థం. విసుగొచ్చి రాశాడో ఏమో, ఆ ఒక్క వాక్యం మాత్రం లాందా పుస్తకంలో భద్రంగా ఉంది.

ఈలోగా శిథిలాలు లోకం కంటపడ్డాయి. 1839లో అమెరికన్ లాయరు జాన్ లాయిడ్ స్టీఫెన్స్, ఇంగ్లిష్ చిత్రకారుడు ఫ్రెడరిక్ కేథర్‌వుడ్ హోండూరస్ అడవిలో కోపాన్ చేరుకున్నారు. స్టీఫెన్స్ ఆ స్థలాన్ని యాభై డాలర్లకు కొనేశాడు! ఈజిప్షియన్లు కట్టారనీ, మునిగిపోయిన ఖండం నుంచి వచ్చినవాళ్లు కట్టారనీ ఊహలు షికారు చేస్తున్న రోజుల్లో, ఇవి ఈ చుట్టుపక్కల జనం పూర్వీకులు కట్టినవేనని, రాళ్ల మీద ఉన్నది వాళ్ల చరిత్రేనని అతను రాశాడు. రెండూ నిజమే. రెండోది రుజువు కావడానికి మాత్రం నూట ఇరవై ఏళ్లు పట్టింది.

ముందుగా పట్టుబడినవి అంకెలు. చుక్క అంటే ఒకటి, గీత అంటే అయిదు, గవ్వ అంటే సున్నా. ఇరవైల లెక్క. డ్రెస్డెన్ రాచగ్రంథాలయాధికారి ఎర్నస్ట్ ఫోర్స్‌టెమన్ 1880లలో తన దగ్గరున్న ప్రతిని ముందు పెట్టుకుని పంచాంగాన్ని విప్పాడు. శుక్రగ్రహానికి 584 రోజుల చక్రం అందులో ఉంది. ఆ తేదీలను మన క్యాలెండరుతో కలిపినవాడు జోసెఫ్ గుడ్‌మన్. ఒకప్పుడు మార్క్ ట్వెయిన్‌కు ఉద్యోగమిచ్చిన పత్రికా సంపాదకుడు. అతను 1905లో వేసిన లెక్కను తర్వాతివాళ్లు సవరిస్తే, రోజులను వరసగా లెక్కపెట్టే మాయా దీర్ఘగణన క్రీస్తుపూర్వం 3114 ఆగస్టు 11న మొదలైనట్టు తేలింది.

ఇక్కడే చిక్కు వచ్చిపడింది. చదవగలిగినవి అంకెలు మాత్రమే కాబట్టి, అంకెలు తప్ప మరేమీ లేవన్నారు. సిల్వేనస్ మోర్లీ, ఎరిక్ థాంప్సన్ లాంటి మహామహులు చెప్పిన మాయా లోకంలో నగరాలంటే జనం కాపురం ఉండని క్షేత్రాలు, అక్కడ ఉండేది కాలాన్ని పూజించే శాంత స్వభావులైన పురోహితులు. యుద్ధాలు లేవు, రాజుల ఊసు లేదు. 1946లో బోనాంపాక్ గుడిలో కుడ్యచిత్రాలు బయటపడ్డాయి. యుద్ధం, మెట్ల మీద బందీలు, వాళ్ల వేళ్ల నుంచి కారుతున్న నెత్తురు. అయినా ఆ కథ వెంటనే కూలలేదు. నచ్చిన సిద్ధాంతం కళ్లెదుటి బొమ్మకంటే బలంగా నిలబడ్డ సందర్భాల్లో ఇదొకటి.

దెబ్బ లెనిన్‌గ్రాడ్ నుంచి వచ్చింది. యూరి క్నోరొజొవ్ అనే పరిశోధకుడు మాయా శిథిలం ఒక్కటీ చూడకుండా, అచ్చు ప్రతులు ముందు పెట్టుకుని, 1952లో ఒక వ్యాసం అచ్చువేశాడు. అతని పద్ధతి చూడండి. డ్రెస్డెన్ ప్రతిలో టర్కీ కోడి బొమ్మ పైన రెండు గుర్తులున్నాయి. మొదటిది లాందా పట్టికలో ‘కు’. యుకటాన్ భాషలో ఆ కోడిని ‘కుత్స్’ అంటారు. అయితే రెండో గుర్తు ‘త్సు’ కావాలి. మరోచోట కుక్క బొమ్మ పైన అదే ‘త్సు’ ముందు వచ్చింది, దాని వెనక లాందా ‘ల’ అన్న గుర్తు. పాత నిఘంటువు తీస్తే కుక్కకు ‘త్సుల్’ అనే మాట ఉంది. కోడి చెప్పిన సాక్ష్యాన్ని కుక్క బలపరిచింది. థాంప్సన్ దీన్ని సోవియట్ ప్రచారమంటూ దుమ్మెత్తిపోశాడు. 1975లో పోయేదాకా ఒప్పుకోలేదు. అతనికి అన్యాయం చెయ్యకూడదు: గుర్తులకు అతను వేసిన వరస సంఖ్యలను నేటికీ వాడుతున్నారు. కాని అతని మాటకున్న బరువు వల్ల ఇరవై ఏళ్లు వృథా అయ్యాయనక తప్పదు. క్నోరొజొవ్ గ్వాతెమాలాలో కాలుపెట్టింది 1990లో.

రెండో దారి వేసిందీ రష్యాలో పుట్టినావిడే. తత్యానా ప్రోస్కురియాకోఫ్ చిన్నప్పుడే అమెరికా చేరి, ఆర్కిటెక్టుగా చదువుకుని, పియెద్రాస్ నెగ్రాస్ శిథిలాల బొమ్మలు గీసే పనిలో కుదిరారు. అక్కడి శిలాస్తంభాలు గుడి ముందు గుంపులు గుంపులుగా ఉన్నాయి. ప్రతి గుంపులోని తేదీలూ ఒక నిండు జీవితకాలానికి మించి సాగడం లేదు. ప్రతి గుంపులోనూ ఒక తేదీ పక్కన పైకి చూస్తున్న కప్పలాంటి గుర్తు, కొన్నేళ్ల తర్వాతి తేదీ పక్కన పంటినొప్పికి కట్టు కట్టినట్టున్న తల. మొదటిది పుట్టుక, రెండోది పట్టాభిషేకం అని 1960లో రాశారావిడ. ఒక్క ధ్వని కూడా చదవకుండా రాజులను పట్టుకున్నారు! ఈసారి థాంప్సన్ కాదనలేకపోయాడు.

ఈ రెండు దారులూ పాలెంకే నగరంలో కలిశాయి. అక్కడి శాసనాల గుడి అడుగున, రాళ్లూ మట్టీ నింపి మూసేసిన మెట్లను నాలుగేళ్ల పాటు తవ్వి, అల్బెర్తో రూస్ అనే పురావస్తు శాస్త్రవేత్త 1952లో ఒక సమాధి గదికి చేరాడు. పచ్చరాతి ముసుగు తొడిగిన మనిషి. ఎవరు? 1973 డిసెంబరులో పాలెంకేలో జరిగిన సదస్సులో లిండా షీలె అనే చిత్రలేఖనం టీచరు, పీటర్ మాథ్యూస్ అనే విద్యార్థి ఒక మధ్యాహ్నం కూర్చుని రాజుల వరస అల్లేశారు. తోడుగా భాషాశాస్త్రవేత్త ఫ్లాయిడ్ లౌన్స్‌బరీ. సమాధిలోనివాడు పకాల్. 603లో పుట్టి, పన్నెండేళ్లకు గద్దెనెక్కి, 683లో పోయాడు. అతని పేరును లేఖకులు కొన్నిసార్లు డాలు బొమ్మ వేసి, కొన్నిసార్లు ప-క-ల అని గుర్తులు పేర్చి రాశారు. ఎముకలు నలభై, యాభై ఏళ్ల మనిషివని రూస్ చివరిదాకా వాదించాడు. అన్నట్టు, ఇదే గుడి శాసనం పకాల్ పట్టాభిషేకాన్ని క్రీ.శ. 4772లోని ఒక తేదీతో ముడిపెడుతుంది. 2012లో లోకం ముగిసిపోతుందని రాసుకున్నవాళ్లు చేసే పని కాదది.

ఆ తర్వాత చరిత్ర వరదలా వచ్చిపడింది. 378 జనవరి 16న సియాహ్ కాక్ అనేవాడు పడమటి నుంచి తికాల్ చేరాడు. అదే రోజు తికాల్ రాజు చచ్చిపోయాడు. దూరాన మెక్సికో లోయలో ఉన్న తెయోతివాకాన్ చెయ్యి ఇందులో ఉందని స్టువర్ట్ వాదం. తికాల్‌కూ కలక్‌ముల్‌కూ తరాల తరబడి వైరం. 738లో చిన్న రాజ్యం కిరిగ్వా తన పై ఏలిక అయిన కోపాన్ రాజునే పట్టుకుని తల నరికింది. శాంతమూర్తులైన పురోహితులు ఏమైపోయారో! దీర్ఘగణనలో మనకు తెలిసిన ఆఖరి తేదీ 909 నాటిది, తోనినాలో. వానలు మొహం చాటేశాయి, యుద్ధాలు ముదిరాయి, దక్షిణపు నగరాలు ఖాళీ అయ్యాయి. జనం మాయం కాలేదు. యుకటాన్‌లో కొత్త నగరాలు లేచాయి. చివరి స్వతంత్ర రాజధాని నోహ్‌పెతెన్ స్పెయిన్‌కు లొంగింది 1697లో.

అయితే ఈ రాతకూ ఒక పక్షపాతం ఉంది. అది చెప్పేదంతా రాజుల గొడవే. అడవి కింది నేలను లేజరుతో కొలిచే లైడార్ వచ్చాక 2018లో ఉత్తర గ్వాతెమాలాలో 2,144 చదరపు కిలోమీటర్ల మేర అరవై వేలకు పైగా కట్టడాలు తేలాయి: ఇళ్లు, కాలువలు, మెట్ల పొలాలు, కోటగోడలు. క్లాసిక్ దశ చివర్లో మైదాన ప్రాంతంలో 70 లక్షల నుంచి కోటీ పది లక్షల మంది ఉండేవారని అంచనా. ఇన్ని ఇళ్లలో ఎన్నిట్లో ఒకే కాలంలో కాపురం ఉందన్న ఊహ మీద ఆ అంకె నిలబడింది కాబట్టి నేనైతే కాస్త ఆగి నమ్ముతాను. పల్లె బతుకు చూడాలంటే ఎల్ సాల్వడార్‌లోని హోయా దె సెరెన్ మేలు. ఏడో శతాబ్దంలో అగ్నిపర్వతపు బూడిద ఆ ఊరిని కప్పేసింది. ఇళ్లు, పాత్రలు, చేలో కర్రపెండలం బోదెలతో సహా ఉన్నవున్నట్టు నిలిచాయి.

ఈ కథలో తరచు మరిచిపోయే పాత్ర ఇంకొకటుంది. క్నోరొజొవ్‌కు కుక్క మాట దొరికింది పాత నిఘంటువులో. ఆ నిఘంటువులు నిండింది మాయా జనం నోటి నుంచి. కోపాన్ చుట్టుపక్కల నేటికీ మాట్లాడే చోర్తీ భాష ఆ శాసనాల భాషకు దగ్గరి చుట్టం. మాయా భాషలు ముప్పై దాకా బతికే ఉన్నాయి, వాటిని మాట్లాడేవాళ్లు లక్షల్లో ఉన్నారు. ‘అదృశ్యమైన జాతి’ అని రాసినవాళ్ల మాటే నిజమైతే ఆ రాత ఈనాటికీ మూగగానే ఉండేది. 1980ల చివరి నుంచి షీలె, నికొలాయ్ గ్రూబె అనే మరో పరిశోధకుడు గ్వాతెమాలాలో మాయా ఉపాధ్యాయులకు, కార్యకర్తలకు ఈ రాత నేర్పే శిబిరాలు నడిపారు. అక్కడ నేర్చుకున్నవాళ్లు మరికొందరికి నేర్పారు.