గడీ నుంచి అడవి దాకా: బి. నర్సింగరావు సినిమా, ఉత్తర తెలంగాణ చరిత్ర

తెలంగాణ సమాంతర సినిమాను చర్చించేటప్పుడు బి. నర్సింగరావు చిత్రాలను నిజాం పాలనాకాలపు జ్ఞాపకాలుగా పరిగణించడం పరిపాటి. అవి వెలువడిన కాలంలోని కరీంనగర్, ఆదిలాబాద్ జిల్లాల చరిత్రతో కలిపి పరిశీలిస్తే ఈ అంచనా అసంపూర్ణమని తెలుస్తుంది. గడీ, వెట్టి, వలస ఆయన ప్రేక్షకులకు ముగిసిపోయిన విషయాలు కావు.

1946లో మెదక్ జిల్లా ప్రజ్ఞాపూర్‌లో జన్మించిన నర్సింగరావు నిర్మాతగా చిత్రరంగంలో ప్రవేశించారు. కిషన్ చందర్ ఉర్దూ నవల ఆధారంగా గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో వచ్చిన ‘మా భూమి’ (1979) తెలంగాణ సాయుధ రైతాంగ పోరాటాన్ని చిత్రించింది. అంతకు ముందు ఏడాది, 1978 సెప్టెంబరులో, వెట్టికీ దొరల పెత్తనానికీ వ్యతిరేకంగా రైతుకూలీలు జగిత్యాలలో భారీ ప్రదర్శన జరిపారు. ఆ వెంటనే జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను ప్రభుత్వం కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించింది. 1981 ఏప్రిల్ 20న ఆదిలాబాద్ జిల్లా ఇంద్రవెల్లిలో సభకు తరలివచ్చిన గోండులపై పోలీసు కాల్పులు జరిగాయి. అంటే, 1940ల నాటి భూమి ప్రశ్న ఈ రెండు జిల్లాల్లో అప్పటికీ వర్తమానమే.

దర్శకుడిగా నర్సింగరావు తొలి చిత్రం ‘రంగుల కల’ (1983). నగరంలో ఒక చిత్రకారుడి అంతర్మథనమే ఇతివృత్తమైన ఈ చిత్రంలో ప్రధానపాత్రను ఆయనే పోషించారు. ‘దాసి’ (1988) 1920ల నాటి గడీలోకి వెళ్తుంది. కమలాక్షి గర్భం దాల్చినా ఆ బిడ్డపై నిర్ణయం గడీదే. ఇక్కడ దోపిడీ ఉపన్యాసాల ద్వారా కాక రోజువారీ చాకిరీ ద్వారా, మౌనం ద్వారా వ్యక్తమవుతుంది. ఈ చిత్రం అయిదు జాతీయ పురస్కారాలు పొందింది. కళాదర్శకత్వానికి పురస్కారం అందుకున్న తోట వైకుంఠం కరీంనగర్ జిల్లా బూరుగుపల్లికి చెందిన చిత్రకారుడు. తెలంగాణ పల్లె స్త్రీలను తన చిత్రాలకు కేంద్రం చేసుకున్న ఆయన దృష్టి గడీ వాతావరణానికి స్థానికతను సమకూర్చింది. పల్లె విడిచి హైదరాబాదు చేరిన భవననిర్మాణ కూలీల జీవితం ‘మట్టి మనుషులు’ (1990) ఇతివృత్తం. ఈ చిత్రాల్లో ప్రాంతీయ అస్తిత్వం నినాదం కాదు. అది శ్రమసంబంధాల్లోనే రూపుదిద్దుకుంటుంది.

ఇదే కాలంలో ఆదిలాబాద్ చరిత్రను తెరకు తెచ్చినది అల్లాణి శ్రీధర్ దర్శకత్వంలోని ‘కొమరం భీం’. ఆసిఫాబాద్ అడవుల్లో భూమి హక్కు కోసం పోరాడి 1940లో జోడెఘాట్‌లో నేలకొరిగిన గోండు వీరుడి కథ ఇది. ‘దాసి’లో నటించిన భూపాల్ రెడ్డి ఇందులో భీం పాత్ర ధరించగా, ‘మా భూమి’ దర్శకుడు గౌతమ్ ఘోష్ సంగీతం అందించారు. సమాంతర సినిమా వృత్తం గడీ నుంచి అడవికి విస్తరించిన తీరుకు ఇది నిదర్శనం. 1990లో రాష్ట్ర ప్రభుత్వం రెండు నంది పురస్కారాలు ఇచ్చినప్పటికీ ఈ చిత్రం థియేటర్లకు చేరింది 2010 జూలైలో.

ఇరవై ఏళ్ల ఈ వ్యవధి స్వతంత్ర సినిమా చరిత్రకారులు విస్మరించరాని ఆధారం. పురస్కారాల జాబితా ఒక చిత్రానికి దక్కిన గుర్తింపును చెబుతుంది కానీ, అది ఎవరి జీవితాన్ని చిత్రించిందో వారికి చేరిందో లేదో చెప్పదు. కనుక నర్సింగరావు తరం కృషిని అంచనా వేయడానికి ఇతివృత్త విశ్లేషణ ఒక్కటే చాలదు. జగిత్యాల, ఇంద్రవెల్లి వంటి చోట్ల ఆ చిత్రాలకు లభించిన ప్రదర్శనావకాశాల చరిత్రను కూడా అధ్యయనంలో చేర్చవలసి ఉంటుంది.